ఆరు దినాల పాఠం

ఎల్లవ్వ భయపడని వస్తువు సూరత్‌లోని బమ్రోలిలో లేదు. గ్యాసు సిలిండరంటే భయం, కరెంటు మీటరంటే భయం, పోలీసు జీపంటే భయం, తెలియని నంబరు నుంచి వచ్చే ఫోనంటే మరీ భయం. "నువ్వు తల్లి కడుపులనే దడుసుకున్నట్టున్నవే" అని మొగుడు సోమలింగం ఎగతాళి చేస్తాడు. సూరత్ వచ్చి ఇన్నేళ్లయినా రోడ్డు దాటాలంటే పక్కనున్న మనిషి కొంగు పట్టుకుంటుంది. అలాంటి ఎల్లవ్వ ఆ గురువారం సాయంత్రం మాత్రం దేనికీ భయపడలేదు. తర్వాత తనను తాను తిట్టుకున్నది అందుకే.

ఆ సాయంత్రం ఎప్పటిలాగే వాళ్ల ఒక్క గదిలో ట్యూషన్ నడుస్తోంది. పిల్లలంతా బమ్రోలి గల్లీలలోని సాంచల పనివాళ్ల, అంటే మరమగ్గాలు నడిపేవాళ్ల పిల్లలు. వాళ్లకు చదువు చెప్పేది ఎల్లవ్వ కూతురు సంధ్య. సైన్సు డిగ్రీ చేసి, బీఎడ్ సీటు కోసం చూస్తోంది. ఎల్లవ్వ గోడకు ఆనుకుని, చీర అంచును చెక్క పలక మీద బిగించి, మైనం అంటిన పుల్లతో ఒక్కో మెరుపు రాయిని ఎత్తి జిగురు చుక్క మీద కూర్చోబెడుతోంది. పాఠం ఆమెకు అర్థం కాదు. కానీ బిడ్డ గొంతు వినడం ఇష్టం. ఆ గొంతు వింటుంటే చెయ్యి తప్పదు.

వెనక వరుసలో సుమన కూర్చుంది. తొమ్మిదో తరగతి. తండ్రి పరుశురాం సాంచల మీద పని చేస్తాడు, తల్లి పద్మారాణి ఆదివారాలు ప్రార్థనకు పోతుంది, కూతురిని వెంట తీసుకుపోతుంది. ట్యూషన్‌లో ప్రార్థనకు పోయే ఇంటి పిల్ల ఆమె ఒక్కతే. బళ్లో సైన్సు మేళా ఉందని జీవుల పుట్టుక మీద చార్టు గీసింది. ఒక్క కణం నుంచి చేప, చేప నుంచి కప్ప, అలా అలా కోతి, చివరికి మనిషి. వారం రోజులుగా దాని గురించి ఒకటే మురిపెం. ఇవాళ మాత్రం చార్టు చుట్ట విప్పడం లేదు.

"తియ్యవే, ఎట్ల చెప్పాల్నో నేర్పిస్త" అంది సంధ్య.

"దీదీ, నేను మేళాల నిలబడ. నా పేరు తీసెయ్యుమని మీరే టీచరుకు చెప్పుండ్రి."

"ఎందుకే?"

సుమన తల వంచుకుంది. "మనిషి కోతి నుంచి వచ్చిండన్నోళ్ల పేరు దేవుడు తన పుస్తకంల నుంచి కొట్టేస్తడట. పాస్టరయ్య చెప్పిండు. అన్నీ ఆరు దినాలల్ల చేసిండట దేవుడు. నేనేమో కోట్ల ఏండ్లు అని రాసిన. స్కెచ్ పెన్నుతోని రాసిన దీదీ. పోదు."

సాయికుమార్ అనే పోరగాడు కిసుక్కుమన్నాడు. సుమన ఏడుపు అందుకుంది. ఏడుపంటే మారాం ఏడుపు కాదు, వణుకు. ఎల్లవ్వ చేతిలో పుల్ల ఆగింది. పిల్లలు భయపడితే ఆమెకు వెంటనే తెలుస్తుంది. ఆ విద్యలో ఆమె ఆరితేరింది.

సంధ్య తిట్టలేదు, ఊరుకోమని బుజ్జగించనూ లేదు. బోర్డు మీద నిలువుగా ఒక గీత గీసింది. "ఇటుపక్క బైబిలు పుస్తకం చెప్పింది రాద్దాం. అటుపక్క సైన్సు చెప్పింది రాద్దాం. కొట్లాట పెడ్తలేను, పక్కపక్కన పెడుతున్న. సుమనా, నువ్వు చెప్పు. మొదటి దినం ఏం చేసిండు?"

"వెలుగు."

"రెండు?"

"ఆకాశం. మూడోనాడు నేల, చెట్లు. నాలుగోనాడు సూర్యుడు, చంద్రుడు, చుక్కలు."

"ఆగు. సూర్యుడు నాలుగోనాడు పుట్టిండా?"

"ఆఁ."

"మరి మొదటి మూడు దినాలు ఎట్ల లెక్కవెట్టిండ్రు? అప్పటికి పొద్దు పొడుచుడు లేదు, పొద్దు గూకుడు లేదు."

పిల్లలు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. "గడియారం చూసిండొచ్చు" అన్నాడు సాయికుమార్. అందరూ నవ్వారు, సుమన కూడా ముక్కు తుడుచుకుంటూ నవ్వింది.

"రాసినాయనకు ఆ సంగతి తెల్వదంటరా? తెలిసే రాసిండు. ఇది మన దినం కాదు బాబూ అని ముందే చెప్తుండు. మీ బాపు రాత్రి పాళీకి పోయే వారం మీ ఇంట్ల తెల్లారేది ఎప్పుడే?"

"సాయంత్రం. బాపు అప్పుడే లేస్తడు."

"సూడు, మన గల్లీలనే ఇంటికొక తీరు తెల్లారుతది. ఇగ దేవుని దినం ఎంత పొడుగో మనమెట్ల చెప్తం? కోట్ల ఏండ్లుండొచ్చు. సరే, చేపలెట్ల వచ్చినయ్? దేవుడు మట్టి పిసికి ఒక్కొక్కటి చేసిండని ఉన్నదా?"

సుమన ఆలోచించింది. "లేదు దీదీ. నీళ్లనే పుట్టియ్యుమన్నడు. జంతువులనేమో నేలను పుట్టియ్యుమన్నడు."

"మరి పని ఎవలకు ఒప్పజెప్పినట్టు?"

"నీళ్లకు. నేలకు."

"ఎంత జల్ది చెయ్యాల్నో చెప్పిండా?"

"చెప్పలే."

"సైన్సు గూడ గదే అంటున్నది. మొదలు నీళ్లల్ల, తర్వాత నేల మీద, నిమ్మలంగ, ఒకదాంట్ల నుంచి ఒకటి. ఆఖరికి మనిషి. మీ పుస్తకంల గూడ ఆఖరికే గదా మనిషి?"

సాయికుమార్ చెయ్యి ఎత్తాడు. "దీదీ, చెట్లు మూడోనాడు, సూర్యుడు నాలుగోనాడు. ఎండ లేక చెట్టు ఎట్ల బతికింది?"

"శాబాష్" అంది సంధ్య. "కలువదు. అన్నీ కలువయి. కలువాలె అని గుంజొద్దు గూడ. అది సైన్సు పుస్తకం కాదు. ఎట్లయింది, ఎన్నేండ్లకయింది, అది సైన్సును అడుగాలె. ఎందుకయింది, మనం ఎవరి బిడ్డలం, అది ఆ పుస్తకాన్ని అడుగాలె. మన మార్కండేయుని పండుగనాడు పాడుతం గదా, భావనారుషి తామర తూడులల్ల నుంచి దారం తీసి దేవతలకు బట్ట నేసిండని. ఆ తామర చెరువు ఏ జిల్లాల ఉన్నదని ఎవలన్న అడిగిండ్రా? అడుగం. అట్లని అబద్ధమంటమా?"

"అనం" అన్నది ఎల్లవ్వ, పిల్లలందరికంటే ముందు. అన్నాక సిగ్గుపడి పలక మీదికి వంగింది.

సుమన చార్టు విప్పింది. ఎల్లవ్వకు అక్షరాలు రావు గానీ చేప బొమ్మ, కప్ప బొమ్మ ముద్దొచ్చాయి. వెళ్లేముందు సాయికుమార్ అలవాటు ప్రకారం, రాని పిల్లల కోసం బోర్డును ఫొటో తీసి ట్యూషన్ వాట్సాప్ గ్రూపులో పెట్టాడు. గది ఇరుకు. వెనక్కి జరగడానికి గోడ అడ్డమొచ్చింది. ఎడమ సగమే పడింది. పైన పెద్ద అక్షరాలతో 'దేవుడు', కింద వరుసగా ఆరు దినాలు. సైన్సు ఉన్న సగం ఫొటోలోకి రాలేదు.

మర్నాడు పొద్దున పంపు దగ్గర బిందె పెట్టగానే పక్కింటి రాజమ్మ గొంతు తగ్గించి అడిగింది. "వదినె, మీ సంధ్య పోరగాళ్లకు ఏసు పాఠం చెప్తున్నదటనా?"

"ఎవలన్నరు?"

"నేనంటలేను తల్లీ. మన పద్మశాలి సమాజం గ్రూపుల ఫొటో వచ్చింది. అందరు సూత్తున్నరు."

బిందె నిండి పొర్లిపోతున్నా ఎల్లవ్వ చూడలేదు. నీళ్లు కాళ్ల మీదికి వచ్చాక గానీ తెలివి రాలేదు. బిందె ఎత్తుకుని వస్తుంటే ప్రతి గుమ్మంలోనూ ఎవరో ఒకరు తన వైపే చూస్తున్నట్టు తోచింది. కొందరు నిజంగానే చూశారు.

మాటకు కాళ్లుండవు గానీ బమ్రోలిలో దానికి బండి ఉంటుంది. గల్లీ ఈ చివర ఏసు పాఠంగా బయల్దేరింది కిరాణా కొట్టు చేరేసరికి కోతి పాఠమైంది. పద్మశాలీలు కోతులకు పుట్టారని సోమలింగం బిడ్డ చెబుతోందట. ఈ రెండు నేరాలూ ఒకే మనిషి ఒకేసారి చేయడం కష్టం. ఏసును నమ్మేవాళ్లలో చాలామందికి కోతి మాట గిట్టదు. పుకారుకు ఆ పట్టింపులేమీ లేవు, రెండు చంకల్లో రెండూ పెట్టుకుని తిరుగుతుంది.

రాత్రి పాళీ దిగి వచ్చిన సోమలింగం చెప్పులు విడవకుండానే లోపలికొచ్చాడు. ఒంటి మీద ఇంకా నూలు దుమ్ము ఉంది. "ఏందే ఇది? కారఖానాల నలుగురు ఫోన్లు దెచ్చి నా మొకం మీద పెట్టిండ్రు. మతం మారుపిచ్చుడంటె కేసట. బెయిలు గూడ దొరుకదట. ఎరుకేనా?"

"బాపూ, అది సగం ఫొటో. మిగిలిన సగంల సైన్సు ఉన్నది" అంది సంధ్య.

"సగం సూసి కొట్టెటోడు, ఉండు బిడ్డా మిగిలిన సగం సూస్త అంటడా?"

సోమలింగం అరుస్తూనే ఉన్నాడు. ఎన్నడూ లేనిది మధ్యమధ్యలో గుమ్మంలోకి తొంగి చూస్తున్నాడు. ఇన్నాళ్లూ భయపడే పని తనది, ఎగతాళి చేసే పని ఆయనది. ఆయన కూడా భయపడితే ఇక ఇంట్లో ధైర్యం చెప్పే మనిషే లేడు.

ఆయన పడుకున్నాక ఎల్లవ్వ తడిగుడ్డతో బోర్డు తుడిచింది. గీత తుడిచింది, ఆరు దినాలు తుడిచింది. ఏ అక్షరంలో ప్రమాదముందో చదువురాని మనిషికి తెలియదు కదా, పక్కనున్న లెక్కలు తుడిచింది, ఎప్పటి నుంచో పై మూలలో ఉన్న ఓంకారం కూడా తుడిచేసింది. ఆరిన తర్వాత ఇంకా ఏదో తెల్లగా కనబడుతోందని మళ్లీ తుడిచింది. కేసూ కోర్టూ ఆమె ఊహకు అందవు. ఆమెకు కనబడుతున్నది ఒకటే: ఎవరో నలుగురు కుర్రాళ్లు వస్తారు, బిడ్డను గల్లీలో నిలబెడతారు, ఫోన్లు ఎత్తి పట్టి క్షమాపణ చెప్పమంటారు. ఆ వీడియో ఇక్కడి నుంచి సొంతగడ్డ సిరిసిల్ల దాకా పోతుంది. సంధ్య అంత చదివి ఒక వీడియోలో పిల్లగా మిగిలిపోతుంది.

ఆ సాయంత్రం ట్యూషన్‌కు సగం మంది కూడా రాలేదు. సుమన రాలేదు. ఎల్లవ్వ గుమ్మంలో నిలబడి వచ్చే పోయే మోటారుసైకిళ్లను చూస్తూనే ఉంది. ఒక్కోటి నెమ్మదైతే గుండె ఆగేది, ముందుకు పోతే మళ్లీ కొట్టుకునేది. శనివారం కూడా అదే తంతు. చీర అంచు మీద రాళ్లు వంకరగా పడుతున్నాయని అప్పుడు గానీ చూసుకోలేదు. అన్నీ పీకి మళ్లీ అంటించింది.

ఆదివారం పొద్దున ఆగయ్య వచ్చాడు. నూలు చుట్టిన బీములు మోసే టెంపోల యజమాని, ఆ పక్క గల్లీలకంతటికీ పెద్దమనిషి. పెళ్లయినా చావైనా ఆయన లేకుండా జరగదు. వెంట ఇద్దరు కుర్రాళ్లు. వాళ్లు లోపలికి రాలేదు, గుమ్మంలోనే నిలబడ్డారు. ఒకడి చేతిలో ఫోను నిలువుగా ఉంది. తీస్తున్నాడో ఊరికే పట్టుకున్నాడో తెలియదు. ఎల్లవ్వ చాయ్ పోస్తున్నంతసేపూ ఆ ఫోను వైపే చూసింది. చాయ్ సాసర్లోకి ఒలికింది.

"ఏం బిడ్డా" అన్నాడు ఆగయ్య, సంధ్యతో. కోపంగా కాదు. "మనం మార్కండేయుని వంశం. భావనారుషి బిడ్డలం. కోతుల బిడ్డలమని సదువుకున్నదానివి నువ్వే చెప్తె ఎట్ల?"

"కోతి నుంచి అని చెప్పలే మామా. కోతులకు, మనకు ఎన్నడో ఒక్కటే తాత ఉండె అంటది సైన్సు. బళ్లె పుస్తకాలల్ల ఉన్నదే. భావనారుషి కథ వేరే. అది మనకు పని మీద ఇజ్జత్ నేర్పింది. రెండూ ఉండొచ్చు."

"మరి ఏసు దినాలెందుకు?"

"ఒక పిల్ల జడుసుకున్నది మామా. ఈ చార్టు గీస్తె దేవుడు తనను విడిచిపెడ్తడని ఏడ్చింది. దేవునికి, సదువుకు కొట్లాట లేదని చెప్పిన. ఏ దేవుని పిల్ల ఏడ్చినా గదే చెప్తుంటి."

ఆగయ్య చాయ్ అంతా తాగాడు. కప్పు కింద పెట్టి తువాలతో మీసం తుడుచుకున్నాడు. "నువ్వు చెప్పింది నాకు సమజయింది. నాకు సమజయితె ఏం లాభం? ఫొటో మన గ్రూపు దాటిపోయింది. ఊరు గాని ఊరు, బతుక వచ్చినోళ్లం. రేపు బయటోళ్లు వచ్చి, ఏమయ్యా మీ గల్లీల ఏం నడుస్తుందంటె నేను ఒక్క మాట చెప్పాలె. 'ఏం లేదు, తీసేసినం' అనాలె. అంతే."

"దేన్ని తీసేసినమని?"

"ఆ ప్రార్థన పిల్లను. ఆ పిల్ల లేకుంటె ఆ పాఠమే లేదు. నీ ట్యూషన్ నువ్వు నడుపుకో. ఎవడన్న నోరెత్తితె నేను సూసుకుంట."

"మామా, జడుసుకున్నదే ఆ పిల్ల. దాన్నే ఎల్లగొట్టుమంటె..."

"తీసేస్తం అన్నా!" అంది ఎల్లవ్వ.

అందరూ ఆమె వైపు చూశారు. ఆమె చాయ్ గిన్నె పట్టుకుని పొయ్యి దగ్గర నిలబడి ఉంది. పెద్దమనుషుల మాటల మధ్య ఆమె నోరు తెరవడం ఆ ఇంట్లో ఎవరూ చూడలేదు. "రేపే చెప్త. నేనే చెప్త. పిల్లకు ఏం తెల్వది, దాని మాట పట్టుకోకు" అంది.

ఆగయ్య లేచాడు. "నువ్వన్న సమజ్‌దారువి చెల్లె" అన్నాడు. గుమ్మంలో కుర్రాడు ఫోను జేబులో పెట్టుకున్నాడు. ఎల్లవ్వకు మరేదీ కనబడలేదు, ఆ ఫోను జేబులోకి పోవడమే కనబడింది. గుండె మీంచి బండ దిగినట్టయింది.

వాళ్లు వెళ్లాక సంధ్య చాయ్ కప్పులు తీసింది. ఖాళీ బోర్డు ముందు కూర్చుని సుద్దముక్కను వేళ్ల మధ్య తిప్పుతూ ఉంది. చివరికి, "నువ్వే పోయి చెప్పు మరి. నేనైతె చెప్ప" అంది. కోపంగా అన్నా బాగుండేది. అలసిపోయినట్టు అంది.

సోమవారం, పిల్లలు ట్యూషన్‌కు వచ్చే వేళకు ముందే చెప్పి రావాలని ఎల్లవ్వ బయల్దేరింది. దారి పొడుగునా మాటలు పేర్చుకుంది. "మాకైతె ఏం లేదు పద్మా, లోకం మంచిగ లేదు." కాదు, అలా మొదలుపెడితే లోకం మీదికి పోతుంది. "సంధ్యకు పరీక్షలున్నయ్." అబద్ధం, దొరికిపోతుంది. "జర కొన్ని రోజులు పిల్లను ఇంట్లనే ఉంచు." ఇదే బాగుంది. గాలికి పోయే కంపను ఒంటికి తగిలించుకున్నది సంధ్య, దాన్ని విడిపించుకోవలసింది తాను. తల్లి అన్నాక ఆ మాత్రం చెయ్యకపోతే ఎట్లా అనుకుంది. అనుకుంది గానీ గల్లీ మలుపు దగ్గర రెండుసార్లు ఆగింది.

పద్మారాణి వాళ్లది పక్క గల్లీలో పైగది. తలుపు కొడితే వెంటనే తీయలేదు. లోపల గుసగుసలు, ఏదో జరిపిన చప్పుడు. "ఎవలూ?"

"నేనే పద్మా, ఎల్లవ్వను."

తలుపు సందంత తెరుచుకుంది. పద్మారాణి ఆమెను లోపలికి లాగినట్టే లాగి గొళ్లెం పెట్టింది. గదిలో ఎదురు గోడ మీద ఒక మేకు, దాని కింద క్యాలెండరంత మేర సున్నం తెల్లగా ఉంది. ఇన్నేళ్లూ అక్కడ బైబిలు వాక్యాల క్యాలెండరు ఉండేది. తలుపు కొట్టినప్పుడల్లా వీళ్లు కూడా తనలాగే ఉలిక్కిపడుతున్నారని ఎల్లవ్వకు అప్పుడు తట్టింది.

నీళ్లు ఇచ్చింది పద్మారాణి. ఎల్లవ్వ గొంతు సవరించుకునే లోపలే ఆమె మొదలుపెట్టింది. "అక్కా, నువ్వు ఎందుకొచ్చినవో నాకెరుకే. పిల్లను ఎందుకు పంపిస్తలేమని అడుగ వచ్చినవు. చెడ్డగ అనుకోకు. సంధ్య మంచిదే. కానీ మేం ఇగ పంపలేం."

ఎల్లవ్వ చేతిలో గ్లాసు అలాగే ఉండిపోయింది.

"దేవుని దినాలను పాళీలన్నదట గదా సంధ్య. ఆ ట్యూషన్‌కు పంపితె పిల్ల చెడిపోతదని పాస్టరయ్య అన్నడు. ఆయనకు గూడ భయమే అక్కా, ప్రార్థనలు బంద్ వెట్టిండు. మా ఆయనైతె బడి గూడ వద్దన్నడు. పిల్ల మేళాల నిలబడి ఏదన్న అంటె మా మీదికి రారా? మీ మీదికైతె మాటలే వస్తయ్, మా మీదికి వచ్చెటియి మాటలతోని ఆగయి. అందుకే, మీ ఇంటికి రావాలంటేనే భయమయితుంది అక్కా. ఏమనుకోకు."

తన ఇంటికి ఒకరు భయపడుతున్నారు! ఎల్లవ్వ జీవితంలో ఎన్నడూ వినని మాట. ఆమెకు ఒక్క క్షణం నవ్వొచ్చినంత పనైంది. మరుక్షణం అర్థమైంది, తాను వచ్చిన పని తాను నోరు తెరవకుండానే అయిపోయింది. రొట్టె విరిగి నేతిలో పడింది. చెడ్డమాట తాను అననక్కర్లేదు, పిల్లను వెళ్లగొట్టిన పాపం తన మీద పడదు, ఆగయ్యకు మాట దక్కుతుంది. "అయ్యో, అనుకునుడేముంది పద్మా. మీ మంచిచెడ్డలు మీకెరుక" అని గ్లాసు కింద పెట్టి లేచింది. వీధిలోకి పోయి హాయిగా ఊపిరి పీల్చుకోవాలనిపించింది.

మంచం అవతల చీరల కుప్ప కదిలింది. దాని వెనక సుమన ఉంది. ఒళ్లో చీర పరుచుకుని, వెనకవైపు వేలాడే దారాలను కత్తెరతో కత్తిరిస్తోంది. జుట్టు నిండా దారం ముక్కలు. బడి మాన్పించిన పిల్లకు పని దొరకడం సూరత్‌లో ఎంతసేపు?

"పెద్దమ్మా, దీదీని కొట్టిండ్రా?"

"లేదే. ఎవలు కొడ్తరు?"

"ఆగయ్య తాత పోరగాళ్లను తీస్కొని వచ్చిండట గదా." సుమన కత్తెర ఆపలేదు. కళ్లెత్తలేదు. "నేను అడుగకపోతె ఏం కాకపోవు. నాదే తప్పు. దీదీకి చెప్పు పెద్దమ్మా, నేనిగ ఏం అడుగ. నన్ను రానిస్తె మూలకు కూసుంట. సమజ్ కాకున్నా అడుగ. ఎన్నడు అడుగ."

ఎల్లవ్వ గొళ్లెం మీద పెట్టిన చెయ్యి అక్కడే ఆగిపోయింది.

ఆమె ఎన్నడూ ఏమీ అడగలేదు. చిన్నప్పుడు బడికి ఎందుకు పంపరని అడగలేదు. సూరత్ ఎందుకు పోవాలో అడగలేదు. నిన్న ఆగయ్యను, పిల్ల చేసిన తప్పేంది అన్నా అని అడగలేదు. అడగకుండా బతకడం ఎలాగో ఈ లోకంలో ఆమెకు తెలిసినంత ఇంకెవరికీ తెలియదు. ఆ మాట ఇప్పుడు ఆ పిల్ల నోట వింటోంది. మొన్న గురువారం ఈ పిల్లే నీళ్లను పుట్టించమన్నాడు, నేలను పుట్టించమన్నాడు అని గుర్తు తెచ్చుకుని చెబుతుంటే కళ్లు ఎలా వెలిగాయి! ఆ వెలుగును తాను ఒక్క మాటతో ఆర్పి, ఆగయ్య మెచ్చుకోలు అందుకుంది. సిగ్గుతో ఆమె ముఖం కాలింది.

"పద్మా," అంది, "నేను నీ బిడ్డను అడుగ రాలే. వద్దని చెప్ప వచ్చిన."

పద్మారాణి అర్థం కానట్టు చూసింది.

"ఇద్దరం ఒక్క భయానికే తలుపేసుకున్నం. ఇగ తియ్యి." ఎల్లవ్వ కుప్ప దగ్గరికి పోయి సుమన చేతిలోంచి కత్తెర తీసి చీరల మీద పెట్టింది. పిల్ల జుట్టులోని దారం ముక్కలు రెండు మూడు దులిపింది. "లేవే. సంచి తీస్కో."

"అక్కా, ఏం జేస్తున్నవు? ఆయన వచ్చి ఏమంటడో..."

"మా ఇంటికి పంపు. నేను చెప్త." అనగానే ఆమెకు పరుశురాం ముఖం గుర్తొచ్చింది. ఏం చెబుతుంది? దేవుడు ఆరు దినాల్లో చేశాడా, కోట్ల ఏండ్లలో చేశాడా ఆమెకు తెలియదు. సంధ్య చెప్పినప్పుడు అంతా తెలిసినట్టే ఉండింది, ఇప్పుడు ఒక్క ముక్క గుర్తుకు రావడం లేదు.

"నీకు భయమైతలేదా అక్కా?"

"అయితుంది. మస్తు అయితుంది" అంది ఎల్లవ్వ. "గదే చెప్తున్న. భయపడితె నేను పడ్త, నువ్వు పడు. దాన్ని సదువుకోనియ్యి."

పద్మారాణి కొంగు నోట్లో కుక్కుకుని నిలబడింది. కాసేపటికి మంచం కిందికి వంగి పుస్తకాల సంచి బయటికి లాగి, దాని మీది దుమ్ము అరచేత్తో తుడిచి పిల్ల భుజానికి తగిలించింది.

మెట్లు దిగేటప్పుడు ఎల్లవ్వ సుమన చెయ్యి పట్టుకుంది. అది వేడిగా, చిన్నగా ఉంది. గల్లీలో అది పాళీ మారే వేళ కావడంతో పనికి పోయేవాళ్లు, వచ్చేవాళ్లు, చాయ్ బండి చుట్టూ గుంపు. రాజమ్మ కూరగాయలు బేరం చేస్తూ మధ్యలో ఆపేసింది. ఎవరో ఎవరికో మోచేత్తో పొడిచారు. ఎల్లవ్వ నేల చూస్తూ నడిచింది. పరుగెత్తాలనిపించింది గానీ పరుగెత్తితే దొంగతనంలా ఉంటుందని మామూలుగా నడవడానికి ప్రయత్నించింది. మామూలుగా ఎలా నడుస్తారో అప్పుడు గుర్తు రాలేదు.

ఆగయ్య టెంపో చాయ్ బండి పక్కనే ఆగి ఉంది. బీములు దింపించి, చేతిలో గ్లాసుతో ఆయన నిలబడి ఉన్నాడు. నిన్నటి కుర్రాళ్లు ఆయన పక్కనే ఉన్నారు. ఆయన ముందు ఎల్లవ్వను చూశాడు, తర్వాత ఆమె చెయ్యి పట్టుకున్న పిల్లను చూశాడు. గ్లాసు దించాడు.

"ఏంది చెల్లె? ఆ పిల్లను తీస్కొని ఏడికి?"

చుట్టూ మాటలు ఆగాయి. సుమన వేళ్లు ఆమె అరచేతిలో బిగుసుకున్నాయి.

"ట్యూషన్‌కు అన్నా" అంది.

సాంచల మోతలో ఆ మాట కలిసిపోయింది. ఆయనకు వినబడలేదేమోనని, ఆగి, తలెత్తి, మళ్లీ చెప్పింది.